గెలిస్తేనే ఆగిపోయే ఆట

ఆ ఆదివారం పొద్దున పళ్ళ డాక్టరు వేసుకున్న పథకానికి వంక పెట్టడానికేమీ లేదు. ఆ రోజు ఆయన భార్య పుట్టినరోజు. ఆవిడ రేడియోలో వార్తలు చదువుతుంది. ఆదివారమైనా వార్తలకు సెలవుండదు కనక పొద్దున్నే వెళ్ళిపోయి భోజనం వేళకు తిరిగొస్తుంది. ఈలోగా ఆయన కంప్యూటరులో ఒక పాత కార్ల పందెం ఆట ఎక్కించి, హాల్లో పెద్ద టీవీకి తగిలించి, వంట ముగించి, స్నానం చేసి, ఏమీ ఎరగనట్టు సోఫాలో పేపరు చదువుకుంటూ కూర్చోవాలి. ఆవిడ తలుపు తీసేసరికి టీవీలో ఇంజన్లు మోగాలి. ఆవిడ గుమ్మంలోనే నిలబడిపోవాలి. అంతే పథకం.

ఆ ఆట ఆవిడ చిన్ననాటిది. ఆవిడా, తమ్ముడూ టీవీకి తగిలించుకునే ఆట పెట్టె ముందు కూర్చుని సెలవులన్నీ దాంతోనే గడిపేవారు. ఇద్దర్లో ఎవరు ఛాంపియన్ అన్న తగువు మాత్రం నేటికీ తీరలేదు. ఎవరింట్లో భోజనానికి కూర్చున్నా రెండో ముద్ద దిగకముందే ఆ చర్చ మొదలయ్యేది. "కొండ మలుపులో నన్ను గుద్దించింది నువ్వు కాదూ?" అని తమ్ముడు, "నా దారికి అడ్డొచ్చింది నువ్వు కాదూ?" అని అక్క. పెళ్ళయిన దగ్గర్నుంచీ డాక్టరు ఆ కొండ మలుపు గురించి వింటూనే ఉన్నాడు. పెట్టె ఎప్పుడో పాడై మూలపడింది. డిస్కు మాత్రం తమ్ముడి బీరువాలో భద్రంగా ఉంది.

పాత పెట్టె లేకపోయినా, కంప్యూటరునే ఆ పెట్టెలా నటింపజేసే ప్రోగ్రాము ఒకటుందని డాక్టరు ఈమధ్యే తెలుసుకున్నాడు. దాన్ని ఎమ్యులేటరు అంటారట. ఊడిన పన్ను చోట కట్టుడు పన్ను పెట్టినట్టే కదా అనుకుని, తన వృత్తికి దగ్గర విషయమేనని తేల్చుకున్నాడు. బావమరిది డిస్కు పట్టుకుని పొద్దున్నే దిగాడు. అతను కారు నడపడం నేర్పే బడి నడుపుతాడు. వచ్చేవారం అతని పెళ్ళి. ఇద్దరూ కలిసి ఆటను కంప్యూటరులోకి ఎక్కించారు. దాన్ని దాచడానికి డాక్టరు ఒక కొత్త ఫోల్డరు తెరిచి, దానికేదో పేరు కొడుతూ బావమరిది వంక చూశాడు.

"నువ్వు అటు తిరుగు."

"ఎందుకు బావా? పాస్‌వర్డా?"

"అలాంటిదే. తిరుగు."

బావమరిది గోడవైపు తిరిగాడు. డాక్టరు పేరు కొట్టేసి, చిన్నగా నవ్వుకుని, ఆట మొదలుపెట్టాడు.

బొమ్మ అద్భుతంగా వచ్చింది. బావమరిది కంట్రోలరు అందుకోగానే వయసు సగం తగ్గిపోయి, నాలిక పళ్ళమధ్య పెట్టుకుని, మలుపు వచ్చినప్పుడల్లా ఒళ్ళంతా పక్కకు వంచుతూ ఆడాడు. అన్ని కార్లనూ దాటేశాడు. గీత దాటాడు. జనం చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు సగంలో ఉండగానే టీవీ చీకటైంది.

"పోయింది బావా!"

"ఏం చేశావ్?"

"ఏం చెయ్యలేదు. గెలిచాను."

డాక్టరు మళ్ళీ మొదలుపెట్టి ఈసారి తనే ఆడాడు. ఆయన ఆటకీ, బావమరిది ఆటకీ హస్తిమశకాంతరం ఉంది. ఆయన కారు ముందు గోడను, తర్వాత చెట్టును, ఆపైన అదే గోడను ఇంకోవైపు నుంచి పలకరించి, అందరూ ఇళ్ళకు వెళ్ళిపోయాక గీత దాటింది. ప్రోగ్రాము మాత్రం చెక్కుచెదరలేదు.

"ఇదిగో, బానే ఉంది కదా!"

బావమరిది ఆడాడు. గెలిచాడు. పోయింది. డాక్టరు ఆడాడు. పోలేదు. బావమరిది మళ్ళీ ఆడాడు. మళ్ళీ పోయింది. డాక్టరు కళ్ళజోడు పైకి నెట్టుకుని, కుర్చీలో కూర్చున్న రోగిని చూసినట్టు బావమరిదిని తేరిపార చూశాడు.

"నేను ఆడితే ఏమీ కావట్లేదు. నువ్వు ముట్టుకుంటే పోతోంది. రోగం కంప్యూటరులో లేదు. నీలో ఉంది."

"నాలో ఏముంది బావా?"

"కరెంటు. కొందరి ఒంట్లో ఎక్కువుంటుంది. ఉన్ని బట్టలు వేసుకున్నావా?"

సంగతి అంతవరకూ వచ్చాక వాదన దండగని బావమరిదికి తెలుసు. డాక్టరు తన సంచీలోంచి రబ్బరు తొడుగులు తీసి అతని చేతులకు తొడిగాడు. కాళ్ళకింద రబ్బరు పట్టా వేశాడు. సరిగ్గా అప్పుడే ఫోను మోగింది.

"ఏవండీ, ఏం చేస్తున్నారు?" రెండు బులెటిన్ల మధ్య ఖాళీ దొరికినప్పుడల్లా ఆవిడ ఫోను చేస్తుంది.

"ఏం లేదు. పేపరు చదువుతున్నా."

"అదేంటి, తమ్ముడి గొంతు వినపడుతోంది? వాణ్ణి భోజనానికి కదా రమ్మన్నాం?"

డాక్టరు గతుక్కుమన్నాడు. ఆయనకు అబద్ధం ఆడటం అలవాటు లేదు. అలవాటు లేనివాళ్ళు ఆడినప్పుడు నోటికి దగ్గరగా ఉన్నదే పైకి వస్తుంది.

"పన్ను నొప్పిట. పొద్దున్నే వచ్చేశాడు."

"అయ్యో! వచ్చేవారం పెళ్ళి పెట్టుకుని ఇప్పుడా? ఎక్కువగా ఉందా?"

"అబ్బే, చిన్నదే..."

"పోయింది బావా!" అని హాల్లోంచి కేక వినిపించింది.

"ఏం పోయిందండీ?"

"పన్నే," అన్నాడు డాక్టరు. "నొప్పి ఉన్న పన్నే. పోయింది. ఇంక హాయి."

"మత్తు ఇచ్చారా? అంతలా అరిచాడు!"

"ఇచ్చాను, ఇచ్చాను. నువ్వు వార్తలు చదువుకో."

ఫోను పెట్టేసి, రబ్బరు తొడుగులతో దిగాలుగా కూర్చున్న బావమరిది పక్కన కూలబడ్డాడు. ఇద్దరూ ఇంటర్నెట్టు మీద పడ్డారు. ఎమ్యులేటర్లతో అవస్థ పడేవాళ్ళు లోకంలో ఎంతమంది ఉన్నారో డాక్టరుకు అప్పుడు తెలిసింది. ఒకాయన గ్రాఫిక్స్ సెట్టింగు మార్చమన్నాడు. మార్చారు. పోయింది. ఇంకొకాయన డ్రైవరు కొత్తది వేసుకోమన్నాడు. "డ్రైవరు నేనే కదా, కొత్తవాడెందుకు?" అని బావమరిది నొచ్చుకున్నాడు. అది కంప్యూటరు డ్రైవరని నచ్చజెప్పి వేశారు. అదీ పని చెయ్యలేదు. చివరికి ఏళ్ళ కిందటి ఒక ప్రశ్న దొరికింది. ఎవరో సరిగ్గా ఇదే ఆట, ఇదే జబ్బు, గీత దాటగానే ఆగిపోతోందని రాసి ఏడ్చారు. డాక్టరు ఆత్రంగా కిందికి వెళ్ళాడు. ఆ మనిషే మర్నాడు మళ్ళీ రాశాడు: "సరే, బాగైపోయింది. అందరికీ థాంక్స్."

"ఎలా బాగైందో చెప్పడేం?" అని డాక్టరు తెర మీద అరిచాడు. "మనిషన్నవాడు చెప్పాలా వద్దా? నేను పన్ను బాగుచేసి, ఎలా బ్రష్ చేసుకోవాలో చెప్పకుండా పంపిస్తానా?"

ఇంతలో ఫోను మళ్ళీ మోగింది.

"నొప్పి తగ్గిందా వాడికి?"

"తగ్గింది, తగ్గింది. నిద్రపోతున్నాడు."

"మళ్ళీ పోయింది!" అని నిద్రపోతున్నవాడు అరిచాడు. "ముందంతా బానే ఉంది బావా, చివర్లోనే పోతోంది!"

"ఇంకోటా?" అందావిడ. ఆ గొంతు ఎన్నో తుఫాన్లను తొణక్కుండా చదివింది. ఇప్పుడు తొణికింది. "చివరిదా? జ్ఞానదంతమా?"

"అదే. దాని పక్కనే ఉంది కదా, ఎందుకూ పనికిరాదని..."

"ఉండండి, బులెటిన్ టైమైంది. మళ్ళీ చేస్తాను."

డాక్టరు ఫోను బల్ల మీద పెట్టాడు. కట్ అయిందనే అనుకున్నాడు. కాలేదు. అవతల ఆవిడ ఫోను జేబులో వేసుకోబోతూ, భర్త గొంతు ఇంకా వస్తుంటే మళ్ళీ చెవికి ఆనించింది. డాక్టరు బావమరిదితో ఓ నిశ్చయానికొచ్చిన గొంతుతో మాట్లాడుతున్నాడు.

"ఇలా ఒక్కొక్కటీ చూసుకుంటూ పోతే తెమలదు. మొత్తం తీసేద్దాం."

"మొత్తమా?"

"ఒక్కటి కూడా మిగలకూడదు. పాతవి ఏ మూలన్నా మిగిలితే మళ్ళీ అదే గొడవ. అన్నీ పీకేసి, శుభ్రంగా ఊడ్చి, కొత్తవి పెడదాం."

"కానీ బావా, కానీ. అక్క వచ్చేలోపు అయిపోవాలి అంతే. నాకేం బాధ లేదు."

అవతల ఫోను కట్టయింది. ఆ తర్వాత వచ్చిన బులెటిన్ విన్నవాళ్ళు, రెండు దేశాల మధ్య చర్చలు ముగిశాయని చెప్పేటప్పుడు ఆవిడ గొంతు గద్గదమైందని, చర్చలు విఫలమయ్యాయి కాబోలని అనుకున్నారు.

ఇక్కడ బావా, బావమరిదీ ఎమ్యులేటరును మొత్తం తీసేసి మళ్ళీ మొదట్నించి ఎక్కించారు. పేరు కొట్టేటప్పుడు బావమరిది అడక్కుండానే గోడవైపు తిరిగాడు. ఈసారి బొమ్మ వచ్చింది గానీ చప్పుడు రాలేదు.

"సౌండు పోయింది బావా."

"పెంచు."

పెంచారు. రాలేదు. ఇంకా పెంచారు. ఉన్నంతా పెంచారు. గదిలో చీమ చిటుక్కుమన్నా వినపడేంత నిశ్శబ్దం. "పోనీలే, ముందు ఆగకుండా ఉంటే చాలు, సౌండు సంగతి తర్వాత చూద్దాం," అని బావమరిది ఆట మొదలెట్టాడు.

ఆ సౌండు ఎక్కడికీ పోలేదు. కింది అంతస్తులో ధ్యానం నేర్పే టీచరు ఉంటుంది. ఆదివారం తరగతి కోసం డాక్టరు భార్య తమ ఇంట్లోని చిన్న బ్లూటూత్ స్పీకరు ఆవిడకు ఎరువిచ్చింది. కంప్యూటరు తన పాత స్పీకరును గుర్తుపట్టి, గాల్లోంచే చెయ్యి చాపి పట్టేసుకుంది. కింద తరగతిలో పెద్దలంతా చాపల మీద కళ్ళు మూసుకుని ఉన్నారు. "మీ మనసు ఒక నిండు సరస్సు," అంటోంది టీచరు, "దాని మీద ఒక్క అల కూడా..." అంతే, సరస్సు నడుమ నాలుగు ఇంజన్లు ఒక్కసారిగా భగ్గుమన్నాయి. ముందు వరసలో ఒక తాతగారు కళ్ళు తెరవకుండానే లేచి గుమ్మం దాటారు.

మధ్యలో డాక్టరు కంట్రోలరు లాక్కుని ఒక పందెం ఆడి, ఎప్పటిలాగే గోడలన్నీ పలకరించాడు, పోలేదు. తర్వాత బావమరిది గెలిచాడు. పోయింది. సరిగ్గా అప్పుడే డాక్టరు ఫోనులో ఓ మెసేజి పడింది: "సెలవు పెట్టి వస్తున్నాను. పెళ్ళికూతురు కూడా వస్తోంది. వాడికి అద్దం చూపించకండి."

డాక్టరు ఆ మెసేజిని ఎన్ని రకాలుగా చదివినా ఒకే అర్థం వచ్చింది.

"నిజం చెప్పేద్దాం బావా," అన్నాడు బావమరిది.

"ఇంతదూరం వచ్చాకా? కొంచెం ఓపిక పట్టు, దీని అంతు చూసేస్తా. ఈలోగా ఎవరన్నా వస్తే నీకు పళ్ళ నొప్పి. నోరు తెరువు."

"ఎందుకు?"

నోరు తెరిచి అడగడమే అతను చేసిన పొరపాటు. డాక్టరు గుప్పెడు దూది రెండు బుగ్గల్లోనూ కూరి, గడ్డం కింద నుంచి నడినెత్తి దాకా కట్టు కట్టేశాడు. పదేళ్ళ నుంచి చేస్తున్న పనిలో చెయ్యి తిరిగింది కనక కట్టు మాత్రం ముచ్చటగా కుదిరింది. తలుపు చప్పుడైంది. తీసి చూస్తే ధ్యానం టీచరు.

"డాక్టరుగారూ," అందావిడ, వానచినుకు లాంటి గొంతుతో. "నాకు కోపం రాలేదు. నేను నా కోపాన్ని దూరంగా నిలబడి గమనిస్తున్నాను. అది చాలా పెద్దగా ఉంది."

సంగతి వింటుంటే డాక్టరుకు భూమిలోకి కుంగిపోవాలనిపించింది. చేతులు జోడించి, పుట్టినరోజు దగ్గర్నుంచి దూది దాకా జరిగిందంతా చెప్పేశాడు. టీచరు కళ్ళు మూసుకుని విని, తెరిచింది.

"ఒక సంగతి చెప్పనా? కింద మాకు మీ ఆటంతా వినపడింది. ఇంజన్లు, గుద్దుడు, మళ్ళీ ఇంజన్లు. ఒకసారి గుద్దుళ్ళు చాలా ఎక్కువయ్యాయి..."

"అది నేను," అన్నాడు డాక్టరు.

"అప్పుడు చప్పట్లు వినిపించలేదు. ఆటా ఆగలేదు. ఇంకోసారి గుద్దుళ్ళు లేవు. చివర్లో చప్పట్లు వచ్చాయి. వచ్చీరాగానే టక్కున ఆగిపోయింది. నేను గమనించిందల్లా అంతే. ఎవరన్నా గెలిస్తే మీ యంత్రానికి గిట్టడం లేదు."

బావమరిది దూదిలోంచి "ఊఁ! ఊఁ!" అని గట్టిగా తలాడించాడు. పొద్దుటి నుంచీ తను ఆడిన ప్రతిసారీ ప్రోగ్రాము ఎందుకు బతికి బట్టకట్టిందో డాక్టరుకు అప్పుడు అర్థమైంది. ఆ అర్థం కావడంలో ఆనందమేమీ లేదు.

"అయితే రోగం నీలో లేదన్నమాట," అని బావమరిది భుజం తట్టాడు. "సరే, గెలిచాక అదేం చెయ్యబోయి చస్తోందో చూద్దాం. నువ్వు ఇంకోసారి గెలువు."

కట్టు కట్టిన తలతో బావమరిది కంట్రోలరు పట్టుకున్నాడు. టీచరు వెళ్ళిపోదామనుకుని, కొండ మలుపు ఎలా ఉంటుందో చూసి వెళదామని నిలబడింది. అతను గీత దాటాడు. టీవీ చీకటైంది. చీకటి తెరలో వెనక గుమ్మం నీడ కనిపించింది. గుమ్మంలో ఇద్దరు ఆడవాళ్ళు నిలబడి ఉన్నారు.

"తమ్ముడూ!" అని అక్క చేతిలో సంచీ వదిలేసి పరుగెత్తుకొచ్చింది. "ఒరేయ్, ఎన్ని పీకారురా? ఏవండీ, మీకు చేతులెలా వచ్చాయండీ? వచ్చేవారం ఫోటోల్లో వీడు ఎలా నవ్వాలి?"

"ఊహూఁ," అన్నాడు తమ్ముడు.

"చూడండి, మాట కూడా రావట్లేదు!"

"నువ్వు కంగారుపడకు. అంటే, అసలు..." అంటూ డాక్టరు ఏదో మొదలుపెట్టాడు గానీ, పెళ్ళికూతురు అప్పటికే ముందుకొచ్చేసింది. ఆమె పశువుల డాక్టరు. చేతిలో జావ గిన్నె పట్టుకొచ్చింది. గిన్నె టీచరు చేతిలో పెట్టి, చొక్కా చేతులు పైకి మడిచి, కాబోయే భర్త ముందు మోకాళ్ళ మీద కూర్చుంది.

"నేను ఒకసారి చూస్తాను అన్నయ్యగారూ."

"వద్దమ్మా, పచ్చి గాయం..."

ఆమె వినలేదు. ఒక చేత్తో కట్టు లాగేసి, ఇంకో చేతి బొటనవేలు దవడ మూలలో పెట్టి నొక్కింది. ఎంత మొండి దూడైనా ఆ నొక్కుకు నోరు తెరవాల్సిందే. బావమరిది నోరు గరాజు తలుపులా తెరుచుకుంది. ఆమె దూది లాగి పారేసి, తలను దీపం వైపు తిప్పి, పైవరస చూసింది, కిందివరస చూసింది, వేలితో ఒక్కొక్కటీ తడుముకుంటూ పోయింది.

"అన్నీ ఉన్నాయే," అంది. "మంచి పళ్ళు. వయసుకు తగ్గట్టే ఉన్నాయి."

అక్క మెల్లగా భర్త వైపు తిరిగింది. ఆవిడకు కోపం వస్తే అరవదు. వార్తలు చదివే గొంతులోకి వెళ్ళిపోతుంది. ఇంట్లో అందరికీ ఆ గొంతంటే భయం.

"నగరంలోని ఒక ఇంట్లో ఈ ఉదయం చోటుచేసుకున్న సంఘటనలపై," అందావిడ, "ఇంటి యజమాని ఇంకా వివరణ ఇవ్వలేదు."

ఇంటి యజమాని వివరణ ఇచ్చాడు. మధ్యలో బావమరిది అందుకున్నాడు, టీచరు కింది అంతస్తు సంగతులు చేర్చింది. వింటూ వింటూ ఆవిడ పెదవులు బిగించింది. ఆ బిగింపు కోపానికి కాదని పెళ్ళికూతురు ముందు కనిపెట్టి, తనే ముందు నవ్వేసింది. దాంతో ఆవిడా ఆపుకోలేక సోఫాలో కూలబడి, కళ్ళు తుడుచుకుంటూ, "అన్నీ పీకేసి శుభ్రంగా ఊడుస్తారా! నేను దారంతా ఏడ్చాను తెలుసా? టాక్సీవాడు కూడా ఏడ్చాడు," అంది.

నవ్వులు సద్దుమణిగాక ఆవిడ టీవీ వంక చూసింది. ఆట చచ్చిపోయాక తెర మూలలో ఒక చిన్న నల్ల కిటికీ మిగిలింది. అందులో తెల్లని ఇంగ్లీషు అక్షరాలు. పొద్దుటి నుంచీ మగవాళ్ళిద్దరూ దాన్ని చూసి వెంటనే మూసేస్తున్నారు. ఎదురుగా రాసింది ఉంటే తెలుగు చేసి పైకి చదవకుండా ఉండటం ఆవిడకు చేతకాదు.

"విజేత వివరాలు భద్రపరచడం సాధ్యపడలేదు. ఫోల్డరు దొరకలేదు. ఫోల్డరు పేరు: ప్రశ్నార్థకం, ప్రశ్నార్థకం, పెట్టె, పెట్టె, ప్రశ్నార్థకం." ఆవిడ ఆగింది. "ఇదేం పేరండీ?"

"మా ఆసుపత్రిలో ప్రింటరు కూడా ఇంతే వదినగారూ," అంది పెళ్ళికూతురు. "తెలుగు అక్షరం కనపడితే పెట్టెలు గీస్తుంది. అన్నయ్యగారూ, ఫోల్డరుకు తెలుగులో పేరు పెట్టారా?"

డాక్టరు నోరు విప్పలేదు. కానీ విషయం విప్పి చెప్పినంత పనైంది. ఆట పాతది, ప్రోగ్రాము పరాయిది. ఉన్న ఫైలును ఎలాగో వెతుక్కుని ఆడించగలుగుతోంది గానీ, ఎవరన్నా గెలిచాక వాళ్ళ పేరు రాసి పెట్టుకోబోయేసరికి ఆ తెలుగు పేరు దానికి నోరు తిరగడం లేదు. నోరు తిరక్క ప్రాణం వదిలేస్తోంది. మొత్తం పీకేసి కొత్తగా పెట్టినప్పుడు కూడా ఆయన ప్రేమగా మళ్ళీ అదే పేరు పెట్టాడు.

"ఇంతకీ ఏం పేరు?" అంది భార్య.

"ఎందుకులే. మార్చేస్తాను."

"చెప్పండి మరి."

"పరాయివాళ్ళు ఉన్నారు."

"నేను పరాయిదాన్ని కాను, కింది అంతస్తు," అంది టీచరు.

పొద్దుటి నుంచీ గోడ చూసిన బావమరిది ఇంక ఆగలేకపోయాడు. ఒక్క అంగలో కంప్యూటరు దగ్గరికెళ్ళి ఫోల్డరు తెరిచి, గొంతెత్తి చదివాడు.

"నా బుజ్జి పిచ్చుక!"

దేశమంతా వినే గొంతున్న ఆవిడ మొహం ఎర్రబడింది. డాక్టరు ఫ్యాను రెక్కలు లెక్కపెడుతున్నట్టు పైకి చూశాడు. "అక్కా, నువ్వు పిచ్చుకవా?" అని తమ్ముడు, "అబ్బ, ఎంత బాగుందో," అని పెళ్ళికూతురు. టీచరు మాత్రం నవ్వుతూ జావ గిన్నె మీద మూత సర్దింది. భార్య లేచి భర్త పక్కనుంచి వెళుతూ, ఎవరికీ వినపడకుండా ఏదో అంది. అది మాత్రం ఆయన తర్వాత కూడా ఎవరికీ చెప్పలేదు.

పెళ్ళికూతురు ఫోల్డరు పేరును ఇంగ్లీషు అక్షరాల్లోకి మార్చింది. టీచరు కిందికెళ్ళి స్పీకరు పట్టుకొచ్చింది. అక్క కంట్రోలరు అందుకుని మొదటి పందెం ఆడింది. ఇన్నేళ్ళ తర్వాత కూడా వేళ్ళు ఏదీ మరిచిపోలేదు. గెలిచింది. చప్పట్లు మోగాయి. అందరూ ఊపిరి బిగపట్టారు. చప్పట్లు పూర్తయ్యాయి. తెర మీద ఒక కప్పు గిర్రున తిరిగింది, విజేత పేరు అడిగింది, రాసుకుంది. ఇంట్లో లేచిన కేకకు కింది నుంచి ధ్యానం తాతగారు పైకొచ్చి, తలుపులోంచి తొంగిచూసి, తనకూ కుర్చీ వేయమన్నారు.

వంట ఎవరికీ గుర్తు రాలేదు కనక, పళ్ళన్నీ నిక్షేపంగా ఉన్నవాళ్ళంతా కూర్చుని జావ తాగారు. రెండో పందెం తమ్ముడు గెలిచాడు. ఇద్దరూ సమానం. ఇక తేల్చేది ఒక్కటే పందెం. అక్కా తమ్ముళ్ళు చెరో కంట్రోలరుతో నేల మీద కూర్చుని భుజం భుజం రాసుకుంటూ సిద్ధమయ్యారు.

"అన్నయ్యగారు కూడా ఆడాలి," అంది పెళ్ళికూతురు. "పొద్దుటి నుంచీ కష్టపడింది ఆయనే కదా."

"ఆయనా?" అని అక్కా తమ్ముడూ ఒకేసారి అన్నారు. ఇన్నేళ్ళలో వాళ్ళిద్దరి మాటా కలిసింది ఆ ఒక్కసారే.

"ఆడనివ్వండి, పాపం. కీబోర్డు ఇచ్చేద్దాం. మన దారికి అడ్డు రారు," అంది భార్య.

ముగ్గురి కార్లతోనే పందెం మొదలైంది. డాక్టరు కారు మొదటి గోడను మామూలుగానే పలకరించి, వెనకబడి, క్లినిక్కుకు వెళ్ళే వేగంతో ఎడమవైపునే పోతూ ఉండిపోయింది. ముందు రెండు కార్లు ఒకదాన్నొకటి రాసుకుంటూ కొండ మలుపుకు చేరాయి. "జరుగు!" "నువ్వు జరుగు!" "మొదలెట్టావా మళ్ళీ!" అంటూ తెర మీద కార్లూ, నేల మీద మోచేతులూ ఒకేసారి ఢీకొన్నాయి. రెండు కార్లూ కంచె విరగ్గొట్టుకుని లోయలోకి ఎగిరిపోయాయి. ఎగిరినవి కిందపడి, మళ్ళీ దారికెక్కేలోపు, మూడో కారు ఒకటి ఎవరినీ తొందరపెట్టకుండా వచ్చి, సిగ్నలిచ్చినంత మర్యాదగా మలుపు తిరిగి, గీత దాటింది.

చప్పట్లు మోగాయి. ఎవరి కోసమో కాసేపు డాక్టరుకే అర్థం కాలేదు. తాతగారు "బాబూ, నువ్వే!" అని వీపు మీద చరిచాక తెలిసింది. ఆయన కుర్చీలోంచి లేచి, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక, రెండూ పైకెత్తాడు. పొద్దుటి నుంచీ ఏ గెలుపు కోసం కంప్యూటరు కాళ్ళు పట్టుకున్నాడో, ఆ గెలుపు ఆయన కారు కిందకే వచ్చి ఆగింది. తెర మీద కప్పు తిరగడం మొదలైంది.

అక్కా తమ్ముడూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"విజేత వివరాలు భద్రపరుస్తున్నాం," అని ఆవిడ తెర మీది అక్షరాలను వార్తల గొంతుతో చదివింది. "దయచేసి స్విచ్ ఆపకండి."

చదువుతూనే కాలు చాపింది. బొటనవేలు గోడ పక్కనున్న స్విచ్‌ను చేరింది. టీవీ, కంప్యూటరు, స్పీకరు, కప్పు, అన్నీ కలిసి చీకటైపోయాయి.

"అయ్యో, కరెంటు పోయింది బావా!" అన్నాడు తమ్ముడు.

"అవునండీ, పోయినట్టుంది," అంది అక్క.

డాక్టరు చేతులు ఇంకా పైనే ఉన్నాయి. వాటి పైన ఫ్యాను చల్లగా తిరుగుతోంది. ఆయన ఫ్యాను వంక చూశాడు, భార్య కాలి వంక చూశాడు. పెళ్ళికూతురు, తాతగారు, టీచరు సాక్ష్యం చెప్పడానికి నోరు తెరవబోయి, నవ్వు ఆపుకోలేక మూసేసుకున్నారు. డాక్టరు కూడా ఇంక నవ్వక తప్పలేదు.

పొద్దున పెట్టిన సెలవుకు బదులుగా ఆ సాయంత్రం వార్తలు ఆవిడే చదివింది. అందులో క్రీడా విశేషాలు లేవు.